శేరెడు అలసట

మా అత్తగారు పాలు పోసే తీరు ముందు చెప్పాలి. ఇత్తడి శేరు గిన్నెను ఒక చేత్తో కింద పట్టుకుని, రెండో చేత్తో పాలచెంబును భుజం దాకా ఎత్తి, అక్కణ్ణించి ధార వదిలేది. గిన్నె చూస్తుండగానే నిండేది. పైన వేలెడు మందాన నురుగు. కొనేవాళ్ళూ తక్కువ తినలేదు. గిన్నె అందుకోకుండా అలాగే నిలబడి, "నురుగు దించి ఇయ్యి అమ్మా" అనేవాళ్ళు. నురుగు దిగేదాకా ఇద్దరూ వాన సంగతీ గడ్డి సంగతీ మాట్లాడుకునేవాళ్ళు. దిగాక మా అత్త పైన ఇంకాస్త పాలు పోసేది. ఎవరికీ కోపం ఉండేది కాదు. అమ్మేవాళ్ళు నురుగు పోస్తారు, కొనేవాళ్ళు దించమంటారు, అది లోకరీతి అనుకునేవాళ్ళు.

అంకెల విషయంలో కూడా మా ఇంటి పద్ధతి అదే. గిరాకీ వచ్చి బర్రె ఎన్ని పాలిస్తుందని అడిగితే అత్త ఎక్కువ చెప్పేది. పక్కింటావిడ అడిగితే దిష్టి తగులుతుందని తక్కువ చెప్పేది. ఉన్నది ఉన్నట్టు ఎవరికి చెప్పేదో నాకు తెలియదు, బహుశా బర్రెకే చెప్పేదేమో. ఆ ఇంటికి నేను కోడలిగా వచ్చాను. అప్పటికి రెండో ప్రపంచ యుద్ధం ఇంకా మొదలు కాలేదు. పాతబస్తీలో మా సందు నిండా పాడి ఇళ్ళే. మాకు రెండు బర్రెలు, వెనక కొట్టం, ముందు రెండు గదులు. జల్‌పల్లి వైపు నుంచి పచ్చగడ్డి మోపులు వచ్చేవి, ఉస్మాన్‌గంజ్ నుంచి గానుగపిండి మా ఆయన సైకిల్ మీద తెచ్చేవాడు.

నాకు చిన్నప్పుడు కీళ్ళ జ్వరం వచ్చి పోయింది. పోయిందనుకున్నాం. పెళ్ళయిన మరుసటి ఏడు అది మళ్ళీ వచ్చింది. మోకాళ్ళు వాచేవి, తగ్గేవి, ఆ వాపు మణికట్టుకు పోయేది. వాపు అందరికీ కనిపిస్తుంది కాబట్టి దానితో పేచీ లేదు. వాపు తగ్గాక మిగిలే అలసట ఉంటుంది చూడండి, అది ఎవరికీ కనిపించదు. జడ వేసుకుంటూ మధ్యలో ఆగి చేతులు ఒళ్ళో పెట్టుకుని కూర్చోవాలి. బియ్యం కడిగిన గిన్నె పొయ్యి మీదికి ఎత్తాలంటే ముందు మనసులో ఎత్తుకోవాలి. పైగా ఆ రోగంలో నా బుగ్గలు ఎర్రగా ఉండేవి. వాడకట్టు ఆడవాళ్ళు వచ్చి, "నీ కోడలు మొఖం నిగనిగ మెరుస్తున్నది, గీమెకు రోగమేందవ్వా?" అని మా అత్తతో అని పోయేవాళ్ళు. నాకు ఒళ్ళు మండేది. మండితే బుగ్గలు ఇంకా ఎర్రబడేవి.

అత్త లేని కోడలుత్తమురాలు, కోడలు లేని అత్త గుణవంతురాలు అని సామెత. మా ఇంట్లో ఇద్దరమూ ఉన్నాం కాబట్టి ఆ బిరుదులు ఎవరికీ దక్కలేదు. ఆమె రాచిరంపాన పెట్టే మనిషి కాదు. నాకు ముందు వడ్డించి తరవాత తాను తినేది. కానీ కంటికి కనిపించనిదాన్ని ఆమె నమ్మదు. నేను ఒళ్ళు దాచుకుంటున్నానని ఆమె అనుమానం. అలా అని నోటితో ఎన్నడూ అనలేదు. అంటే దెబ్బలాడుకునేవాళ్ళం, అదీ లేదు.

చివరికి మా ఆయన నన్ను ఆడవాళ్ళ దవాఖానకు తీసుకుపోయాడు. అత్త కూడా వచ్చింది. అక్కడి డాక్టరమ్మ నా రొమ్ము మీద గొట్టం పెట్టి చాలాసేపు విన్నది. ఆమెకు తెలుగు రాదు, మా అత్తకు ఉర్దూ బేరానికి సరిపోయేంత వచ్చు. "బుఖార్ కు శీషా హై, థకన్ కు శీషా నై" అంది డాక్టరమ్మ. జ్వరాన్ని కొలవడానికి గాజుగొట్టం ఉంది, అలసటకు అలాంటిది లేదు అని. అందుకని ఆమె తన దగ్గరికి వచ్చే ఆడవాళ్ళందరినీ ఒకటే అడిగేది. అలసట మొత్తం ఒక రూపాయి అనుకుంటే, ఈ పూట నీకు ఎన్ని అణాలు? రోజూ పొద్దున, పనిలోకి దిగకముందు, అదే వేళకు అడగాలి. కీళ్ళ జ్వరం గుండెను తాకిందట. అలసట సగం రూపాయి దాటిన రోజు నేను వంగకూడదు, బరువెత్తకూడదు, బర్రె దగ్గర కూర్చోకూడదు. కూర్చుంటే ఏమవుతుందని మా ఆయన అడిగాడు. "దిల్ బైఠ్ జాతా" అంది ఆమె, దాచకుండా. గుండె కూలబడిపోతుంది అని. మందు రాసింది కానీ, అసలు మందు ఆ సగం లెక్కే అని మరీ మరీ చెప్పింది.

తిరిగి వస్తుంటే టాంగాలో అత్త అంది, "అణాలు గిణాలు నాకు సమజ్ గావు. మన శేరు లెక్కల చెప్పు."

ఆ సాయంత్రం అరుగు మీద కూర్చుని ఇద్దరం కొలత కట్టుకున్నాం. నిజం చెబుతున్నాను, ఆ ఇంట్లో నాకు సంతోషం కలిగిన పూటల్లో అదొకటి. నా ఒంటి సంగతి ఆమె అన్ని ప్రశ్నలు ఎన్నడూ అడగలేదు. శేరు నిండితే మంచం మీద పక్కకు కూడా తిరగలేను. ముప్పావుకు గోడ పట్టుకుని దొడ్డికి పోయి రాగలను, జడ వేసుకోలేను. అర్ధశేరుకు కూర్చుని కూర తరగగలను, బిందె ఎత్తలేను. పావుశేరుకు అన్నీ చేస్తాను గాని చేస్తున్నట్టు తెలుస్తుంటుంది. పావులో సగం నౌటాకు, అంటే కూనిరాగం తీసుకుంటూ పని చేసే రోజు. "ఒట్టి గిన్నె ఎప్పుడు?" అని అడిగింది అత్త. ఒట్టి గిన్నె రోజు నాకు గుర్తు లేదన్నాను. ఆమె లేచి బర్రెలకు కుడితి పెట్టడానికి పోయింది.

కొలత బాగానే ఉంది. చిక్కు ఎక్కడ వచ్చిందంటే, మా రెండు బర్రెల్లో ఒంటికొమ్ముది నా చేతికి మరిగింది. అది ఈనినప్పుడు దగ్గరుండి చూసుకున్నదాన్ని నేనే. వేరే ఎవరు కూర్చున్నా పాలు చేపదు, పైకి లాక్కుంటుంది. మా అత్త కూర్చుంటే సగం కూడా ఇచ్చేది కాదు. అంటే నేను మంచం మీద ఉన్న రోజు గిరాకీల్లో సగం మందికి పాలు లేవు. ఇక ప్రతి పొద్దునా ఆమె అడిగే ప్రశ్న ఉత్త ప్రశ్న కాదు. నా గుండె ఒక వైపు, చెంబులో పాలు ఒక వైపు.

"ఇయ్యాల ఎంత పిల్లా?"

"ముప్పావు అత్తమ్మా."

"నురుగు దించి చెప్పు."

"నురుగేం లేదత్తమ్మా."

"నురుగు లేని పాలు ఏడనన్న ఉంటయా? అద్దశేరు అనుకుంట. లే, బర్రె ఒర్లుతున్నది."

అర్ధశేరు అంటే సగం, సగం దాటలేదు కదా, డాక్టరమ్మ మాట తప్పినట్టు కాదు. నేను లేచేదాన్ని. బర్రె పొట్టకు తల ఆనించి, కళ్ళు మూసుకుని పిండేదాన్ని. ఆ పాడు బర్రె నన్ను చూడగానే ధారాళంగా చేపేది. చెంబు నిండేది. అత్త చెంబులోకి తొంగి చూసి, "నిండింది గద, అలుపు ఏడున్నది?" అనేది. పని ఎంత జరిగిందో చెంబులో కనిపిస్తుంది, దానికి నేనెంత పోశానో చెంబులో కనిపించదు. మిగతా పగలంతా నేను చాప మీద పడి ఉండేదాన్ని. ఆ చాప సంగతి లెక్కలోకి రాలేదు, ఎందుకంటే ఆమె పొద్దున ఒక్కసారే అడుగుతుంది.

మా ఆయన ఒకసారి అడ్డం వచ్చాడు. "అమ్మా, డాక్టరమ్మ చెప్పింది గద" అన్నాడు. "నువ్వు పాలు పోసి రా కొడకా" అంది ఆమె. ఆయన పోయాడు. మా ఆయన మంచివాడని అందరూ అనేవాళ్ళు. మంచివాడంటే మా ఇంట్లో అర్థం, ఇద్దరి మాటా శ్రద్ధగా విని సైకిలెక్కి వెళ్ళిపోయేవాడని.

చూశాను, చూశాను. ఆమె ఎలాగూ పావు తీసేస్తుంది కదా అని నేనూ పావు కలపడం మొదలుపెట్టాను. ముప్పావు రోజున శేరు అన్నాను. ఆమె నురుగు దించి ముప్పావు అనుకుంది. నేను పడుకున్నాను. నాకేం సిగ్గు వేయలేదు. పాలమ్మే ఇంటి కోడలికి ఆ మాత్రం నురుగు పోయడం రాకపోతే ఎలా? కొన్నాళ్ళు హాయిగా గడిచింది. కానీ మా అత్త బేరంలో పండిపోయిన మనిషి. అమ్మేవాళ్ళు కలిపారని పసిగడితే కొనేవాళ్ళు ఇంకా కోస్తారు. "నిన్న శేరు, మొన్న శేరు, గింత నురుగా?" అని, సగానికి సగం కొట్టేసింది. శేరు అంటే ఇక అర్ధశేరే. మళ్ళీ బర్రె దగ్గర తేలాను. ఇద్దరమూ కలిసి ఆ కొలతను ఎందుకూ పనికిరాకుండా చేశాం. డాక్టరమ్మ చూస్తే తల పట్టుకునేది.

వానాకాలంలో ఒక పొద్దున నాకు మెలకువ వచ్చేసరికి గోడకు ఆనుకుని కూర్చుని ఉన్నాను. పడుకుంటే ఊపిరి ఆడక, నిద్రలోనే లేచి కూర్చున్నానన్నమాట. పాదాలు ఉబ్బి మెట్టెలు కొరుక్కుపోతున్నాయి. పక్కనున్న చెంబు అందుకుందామంటే చెయ్యి మాట వినలేదు. అది శేరు. అరుగు మీద కూర్చుని మేం కట్టుకున్న అసలైన శేరు. అంతకంటే ఎక్కువేమో కూడా.

అత్త గుమ్మంలోకి వచ్చి అడిగింది. "ఇయ్యాల ఎంత పిల్లా?"

నా దగ్గర చెప్పడానికి అంకె లేదు. శేరును అప్పటికే ఎన్నిసార్లో వాడేశాను. శేరు అంటే సగం అనుకుంటుంది. దాని పైన కొలత లేదు. రెండు శేర్లు అంటే నవ్వుతుంది. నాకు భయం వేసింది. చచ్చిపోతానని కాదు, చచ్చిపోతున్నానని చెప్పినా ఈమె అందులో నురుగు ఎంతని అడుగుతుందని. నేను ఏమీ అనకుండా ఆమె వైపు చూస్తూ ఊరుకున్నాను.

"నిన్నే, ఎంత?"

ఊరుకున్నాను. అలిగాననుకుని ఆమె కొట్టం వైపు రెండడుగులు వేసింది. వేసి ఆగింది. పాడి మనుషులకు ఒకటి తెలుసు. ఒర్లే బర్రెతో ఫికర్ లేదు, ఆకలో దుడ్డె కోసమో అయి ఉంటుంది. ఒర్లాల్సిన వేళకు ఊరుకున్న బర్రెను చూసుకోవాలి. అలాంటప్పుడు వాళ్ళు ముందు చెవి పట్టుకుని చూస్తారు. ఒంట్లో పాణం వెనక్కి పోతుంటే చెవి చల్లబడుతుంది. మా అత్త వెనక్కి వచ్చి, నా జుట్టు పక్కకు తోసి, చెవి పట్టుకుంది. ఆ చెయ్యి పేడ వాసన వేస్తోంది. "ఓరి కొడకా, టాంగా తేరా! పాలు మన్నువడనియ్యి, టాంగా తే!" అని ఆమె అరిచిన అరుపుకు సందులో తలుపులన్నీ తెరుచుకున్నాయి.

దవాఖానలో డాక్టరమ్మ నన్ను అడిగింది, "కిత్తే ఆనే?" అని, ఎన్ని అణాలు అని. నేను నోరు తెరిచేలోపే అత్త అందుకుంది.

"శేరు నిండి కింద వారిందమ్మా."

డాక్టరమ్మకు అర్థం కాలేదు. "సోలా ఆనే సే జ్యాదా" అని మా ఆయన చెప్పాడు. పదహారణాలకు మించి రూపాయి ఉండదు కదా, అయినా ఆమె వాదించలేదు. తల ఊపి సూది తెప్పించింది.

కార్తీకం వెళ్ళేదాకా నేను మంచం దిగకూడదన్నారు. మరి ఒంటికొమ్ము బర్రె ఏమయిందని అడుగుతారు. ఇంటికి వచ్చిన కొన్నాళ్ళకు ఒక పొద్దున కిటికీలోంచి చూద్దును కదా, కొట్టంలో నేనే కూర్చుని పాలు పిండుతున్నాను. నా పాత చిలకపచ్చ చీర, నా లాగే తలమీద కొంగు. మా అత్త నా చీర చుట్టుకుంది. ఆ చీరకున్న నా వాసనతో బర్రెను నమ్మించాలని చూస్తోంది. బర్రె కాసేపు తల తిప్పి అనుమానంగా చూసింది, తరవాత చేపింది. మా మామ పోయాక రంగుచీర కట్టి ఎరగని ఆ ముసలావిడ చలికాలమంతా ఆ పచ్చచీర కట్టుకుని కొట్టంలోకి పోయేది. వాడకట్టు వాళ్ళు ముసిముసి నవ్వులు నవ్వితే, "నవ్వుండ్రి, మీ తాత సొమ్మేం బోయింది" అనేది. నాకు ఆమె మీద అంతవరకూ ఉన్న కోపమంతా ఏమైందో తెలియదు. వెతికితే దొరకలేదు.

ఆ తరవాత ఆమె అడగడం మానలేదు. "ఇయ్యాల ఎంత?" అనేది. నేను పావు అంటే పావు, ముప్పావు అంటే ముప్పావు. నురుగు మాట ఇద్దరమూ ఎత్తలేదు. నమ్ముతున్నారని తెలిశాక నిజం చెప్పడం ఎంత కష్టమో అప్పుడు తెలిసింది. నౌటాకు రోజున బద్ధకం వేసి ఇంకాస్త కలుపుదామనిపించేది, కలపబుద్ధయ్యేది కాదు. నా గుండె అలా లెక్క మీద నడిచింది. ఇప్పటికీ నడుస్తోంది.

యుద్ధం వచ్చింది, రేషన్ బియ్యం వచ్చాయి, గానుగపిండి దొరకక ఒక బర్రెను అమ్మేశాం. ఒంటికొమ్ముది ముసలిదైంది. మా అత్తకూ ఆయాసం పట్టుకుంది. మెట్లెక్కితే ఎగరొప్పు, సాయంత్రానికి కాళ్ళ వాపు. అదే డాక్టరమ్మ చూసి, నన్ను చూసి నవ్వి, నీకు తెలిసిన పనే కదా అంది. అప్పటినుంచి పొద్దున్నే అడగడం నా వంతు.

"ఇయ్యాల ఎంత అత్తమ్మా?"

"నౌటాకు."

ఏ రోజు అడిగినా నౌటాకే. మజ్జిగ కవ్వం కూడా తిప్పలేని రోజునా నౌటాకే. ఎగరొప్పుతో మాట పెగలకపోయినా వేళ్ళతో ఇంత అని చూపించేది. నాకు విసుగొచ్చేది. నా అంకెలు కోసి కోసి చంపిన మనిషి, తన అంకె దగ్గరికి వచ్చేసరికి పోయడమే లేదు. ఆమె నౌటాకు మీద నేనెంత కలపాలో తెలిసేది కాదు. "దిష్టేమన్న తాకుతదా అత్తమ్మా, ఉన్నది చెప్పరాదూ" అని కసిరేదాన్ని. "ఉన్నదే చెప్పిన, ఊకె లొల్లి పెట్టకు" అనేది. చివరికి నేను అడిగేది ఒకటి, చూసేది ఒకటి అయింది. ఏ చేత్తో గోడ పట్టుకుంది, కొంగు జారితే సర్దుకుందా లేదా, అన్నం ఎంతసేపు కలిపింది.

ఆ పొద్దున నేను పాలు పిండి లోపలికి వస్తున్నాను. ఆమె మంచం మీద గోడకు ఆనుకుని కూర్చుని ఉంది. నేను అలవాటుగా, నడుస్తూనే అడిగాను.

"ఎంత అత్తమ్మా?"

"శేరు."

నేను చెంబు అక్కడే దించాను. అది నేల మీద కుదురుగా నిలబడిందో లేదో కూడా చూడలేదు. మా ఆయన అప్పటికే గడ్డికి వెళ్ళిపోయాడు. నేనే సందు చివరికి పరుగెత్తి టాంగా పిలిచాను. పరుగెత్తకూడనిదాన్ని. టాంగా అతను, నేను కలిసి ఆమెను ఎక్కించాం. ఆమె నా భుజం మీద తల వాల్చింది. ఆ మనిషి ఎవరి మీదైనా వాలడం నేను చూడటం అదే మొదటిసారి.

కొంతదూరం పోయాక ఆమె పెదవులు కదిలాయి. నేను వంగాను.

"నురుగు దించు అనకపోతివి."

"అనబుద్ధి కాలేదు అత్తమ్మా."

ఆమె ఊపిరి కూడదీసుకుంది. "గిరాకీలకు పోసిన బిడ్డా. నీకెందుకు పోస్త?"

నేను ఆమె తెల్ల జుట్టు పక్కకు తోసి చెవి పట్టుకుని చూశాను. చల్లగా ఉంది. "జల్దీ చలావ్ భాయ్, జల్దీ" అన్నాను టాంగా అతనితో.